గగనసఖి: జపాను జనసంస్కృతిలో విమానపరిచారికల ప్రణయచిత్రణము

పదవిచారము

విమానమునందు ప్రయాణికుల క్షేమమును, సౌకర్యమును కనిపెట్టియుండు ఉద్యోగినిని తెలుగు పత్రికలు చిరకాలముగా 'గగనసఖి' యని వ్యవహరించుచున్నవి. కన్నడిగులును ఈ మాటనే వాడుదురు. మరాఠీలో ఆమె 'హవాయీ సుందరి', వంగభాషలో 'విమానబాల', తమిళమున 'విమానప్ పణిప్పెణ్', అనగా విమానములో పనిచేయు స్త్రీ. హిందీవారును, ఒడియావారును 'విమాన పరిచారిక' యందురు. బరంపురమున తెలుగు పత్రికయు, ఒడియా పత్రికయు ఒకే యింట చదువుకొను కుటుంబములు కలవు. ఒకే వార్తను రెండు భాషలలో చదువు గంజాం తెలుగువారికి ఈ భేదము కంటబడక పోదు. ఒక భాష ఆమె పనిని చెప్పుచున్నది. వేరొకటి ఆమె వయస్సును, మఱియొకటి ఆమె రూపమును చెప్పుచున్నవి. తెలుగు మాత్రము ఆమె చెలిమిని చెప్పుచున్నది. రైలులో టిక్కెట్లు తనిఖీ చేయు స్త్రీని ఎవరును 'ధూమశకటసఖి' యనలేదు. ఆసుపత్రిలోని నర్సును 'వైద్యసుందరి' యనలేదు. ఈ యొక్క వృత్తికే ఇట్టి లలితనామము లేల కలిగినవి?

ఈ ప్రశ్నకు సమాధానము వెదకుటలో జపాను దేశచరిత్ర మిక్కిలి తోడ్పడును. అచ్చట తొంబది యేండ్లకు పైగా పత్రికలు, ప్రకటనలు, నవలలు, టెలివిజన్ కథలు, చలనచిత్రములు విమానపరిచారికను ప్రణయకథానాయికగా చిత్రించుచు వచ్చినవి. ఒక్కొక్క దశలోను ఆ వృత్తిలోని వాస్తవస్థితి యెట్టిదో కూడ తెలియవచ్చుచున్నది. చిత్రణమును వాస్తవమును ప్రక్కప్రక్కన నుంచి చూచినచో ఒక విషయము స్పష్టమగును. ఉద్యోగనియమములే ప్రణయచిత్రమునకు ఆకృతి నిచ్చినవి. ఆ చిత్రము తిరిగి నియమములకు బలము నిచ్చినది. నియమములు సడలినకొలది చిత్రమును మారినది. ఈ పరిణామమును కాలక్రమమున చూపుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

గంజామునకు తెలిసిన జపాను విమానము

గంజాం తెలుగువారికి జపాను విమానము మొదట కథావస్తువు కాదు. గోపాలపురము రేవునుండి పొగయోడ లెక్కి వేలకొలది తెలుగువారును, ఒడియావారును రంగూనునకు కూలికి, కొలువునకు పోవుచుండిరి. రంగూనును వారు 'రంగ' మనిరి. 1941 డిసెంబరు 23వ తేదీన జపాను విమానములు ఆ రంగముపై బాంబులు కురిపించెను. 1942 మార్చిలో ఆ నగరము జపానువారి వశమయ్యెను. ఓడలు దొరకక అసంఖ్యాకులు అడవులను, కొండలను దాటి కాలినడకను స్వదేశమునకు మరలిరి. దారిలో మరణించినవారు అనేకులు. ఆ యేడు ఏప్రిల్ 6వ తేదీన విశాఖపట్టణము, కాకినాడలపై సైతము జపాను విమానములు బాంబులు వేసెను. ఆ తరమువారికి జపాను విమాన మనగా భయము. 'రంగమునుండి నడచి వచ్చినవారు' అను మాట గంజాం, శ్రీకాకుళం కుటుంబములలో ఒక కాలగణనమే యయ్యెను.

అట్టి దేశముయొక్క విమానము పదేండ్లలో లోకమునకు వేఱొక రూపమున కనబడెను. దాని ద్వారమున కిమోనో ధరించి, నమస్కరించి, చిఱునవ్వుతో స్వాగతము పలుకు యువతి నిలిచియుండెను. ఈ మార్పు కేవలము యాదృచ్ఛికము కాదు. దానిని గ్రహించుటకు ముందు ఆకాశకన్యల ప్రాచీనగాథలను ఒకపరి తలచుకొనవలెను.

ఆకాశకన్య, దాచబడిన చేలము

ఆకసమున సంచరించు స్త్రీ మనుజుల కందని సుందరి యను భావము విమానముకన్న ఎంతో పూర్వమైనది. జపానువారి గాథలలో 'హాగొరొమొ' సుప్రసిద్ధము. ఆ పదమునకు ఈకల చేలమని యర్థము. ఒక జాలరి సముద్రతీరమున దేవదారుజాతి వృక్షముపై వ్రేలాడుచున్న వింతచేలమును చూచి తీసికొనును. అది ఒక దేవకన్యది. అది లేనిదే ఆమె దివి కెగురజాలదు. 'నో' అను ప్రాచీన నాటకప్రక్రియలో జాలరి ఆమె దుఃఖమునకు కరగి, ఆమె నాట్యము చూపుటకై చేలమును తిరిగి యిచ్చును. జానపదుల కథలలో నంతటి దయ కానరాదు. అచ్చట పురుషుడు చేలమును దాచి ఆమెను భార్యగా చేసికొనును. ఏండ్లు గడచిన పిదప ఆమె దానిని కనుగొని ఆకసమునకు మరలిపోవును.

ఈ కథ తెలుగువారికి క్రొత్త కాదు. 1961లో విజయావారు నిర్మించిన 'జగదేకవీరుని కథ'లో ఇంద్రపుత్రిక చీరను కథానాయకుడు చేజిక్కించుకొనుటయు, ఆ చీర దాచబడుటయు, అది తిరిగి దొరకినంతనే ఆమె స్వర్గమునకు పోవుటయు బరంపురములోని పెద్దలకు నేటికిని గుర్తున్నవే. పింగళి సూరన 'కళాపూర్ణోదయము'లో రంభా నలకూబరులు విమానమున పోవుచుండగా క్రిందనున్న కలభాషిణి మనస్సు వారివైపు మరలును. ఆకాశయానము, సౌందర్యము, కోరిక అను మూడును మన కావ్యములందును ఒక్కచోటనే చేరినవి.

ఈ గాథలన్నిటను మూడు అంశములు సమానముగా గోచరించుచున్నవి. ఆకాశకన్య నిత్యయౌవనవతి. ఆమె యెగురు శక్తి ఆమె వస్త్రమునందున్నది. వివాహమైన దినమున ఆ వస్త్రము ఆమెకు దూరమగును. విమానసంస్థల అధికారులు ఈ కథలను చదివి ఉద్యోగనియమములు వ్రాసిరని చెప్పుట సాహసమగును. కాని ఆ నియమములు లోకులకు సహజముగా తోచుటకు ఈ కథలు తోడ్పడినవని చెప్పుటలో తప్పులేదు. ఏలయన, యౌవనము, ప్రత్యేకవస్త్రము, వివాహముతో ఉద్యోగము ముగియుట అను మూడే ఇరువదవ శతాబ్దపు విమానపరిచారిక జీవితమునకును హద్దు లయ్యెను.

'ఎయిర్ గర్ల్' అవతరణము

ప్రపంచమున మొదటి విమానపరిచారిక అమెరికా దేశపు ఎలెన్ చర్చి. ఆమె నర్సు. 1930 మే 15వ తేదీన బోయింగ్ ఎయిర్ ట్రాన్స్‌పోర్టు సంస్థ విమానమున ఆమె కొలువు ప్రారంభించెను. ఆమెతో కలిపి ఆ సంస్థ ఎనమండుగురు నర్సులను నియమించెను. వారు అవివాహితలును, ఇరువదియైదేండ్లకు లోబడినవారును కావలెనని నిబంధన. ఆనాటి విమానములు మిక్కిలి కుదుపునకు లోనగుచుండెను. యువతి యొకతె నిర్భయముగా తిరుగుచుండగా చూచిన పురుషులు తమ భయమును వెల్లడించుటకు సిగ్గుపడుదురని తలచిరి. ఆమె నర్సు కావలె ననుట ప్రయాణికుల అవసరము. ఆమె యువతి కావలె ననుట సంస్థయొక్క వ్యాపారము. ఈ రెండింటి కలయికనుండియే వృత్తి పుట్టినది.

మఱుసటి యేడే, 1931లో, టోక్యోలోని ఒక చిన్న విమానసంస్థ ముగ్గురు యువతులను నియమించి వారికి 'ఎయిర్ గర్ల్' అని పేరిడెను. నూటికి పైగా యువతులు ఆ మూడు స్థానములకు దరఖాస్తు చేసిరి. ఆ కాలమున టోక్యోలో బస్సులలో టిక్కెట్లిచ్చు యువతి 'బస్ గర్ల్', దుకాణపు లిఫ్టు నడుపు యువతి 'ఎలివేటర్ గర్ల్'. జుట్టు కత్తిరించుకొని పాశ్చాత్యవేషము ధరించు యువతి 'మోడర్న్ గర్ల్', సంక్షేపముగా 'మోగా'. నగరములో క్రొత్తగా వేతనము సంపాదించు స్త్రీలను పత్రికలు వింతవస్తువులవలె చూచి, ఒక్కొక్కరికి ఒక్కొక్క బిరుదము తగిలించుచుండెను. వారిలో ఆకాశమున కెగురు ఎయిర్ గర్ల్ అగ్రస్థానము నందెను. ఆమె ఛాయాచిత్రము నందఱును చూచిరి. ఆమె జీతమెంతయో కొందఱే విచారించిరి. జీతము చాలక ఆ ముగ్గురును కొద్దికాలమునకే ఉద్యోగము విడిచిరి. చిత్రము నిలిచినది గాని అందలి స్త్రీలు నిలువలేదు.

కిమోనో ధరించిన దేశము

యుద్ధమున ఓడిన జపానునకు 1945 పిదప విమానములు నడుపు అధికారము లేకుండెను. 1951లో జపాన్ ఎయిర్ లైన్స్ స్థాపితమై, ఆ యేడు అక్టోబరు 25వ తేదీన తొలి సర్వీసు నడచెను. విమానమును, దానిని నడుపు వైమానికులును అమెరికా సంస్థనుండి బాడుగకు వచ్చినవారే. లోపల సేవచేయు యువతులు మాత్రమే జపానువారు. కావున ప్రయాణికునికి ఆ విమానమున కనబడు జపాను ఆమెయే. 1954 ఫిబ్రవరి 2వ తేదీన టోక్యోనుండి శాన్‌ఫ్రాన్సిస్కోకు విదేశయానము ప్రారంభమైనప్పుడు ఈ సంగతి మఱింత బలపడెను. అమెరికా సంస్థలకు పెద్ద విమానములును, అనుభవమును కలవు. జపాను సంస్థ తన ప్రత్యేకతగా కిమోనో ధరించిన పరిచారికను ముందునకు తెచ్చెను. అమెరికా పత్రికలలోని ప్రకటనలు ఆమె వినయమును, ఆమె అందించు తేనీటిని, ఆమె వంగి నమస్కరించు తీరును వర్ణించినవి.

ఈ ప్రకటనలు చూచిన అమెరికా పాఠకుడు పర్ల్ హార్బరును మఱచిపోవలెనని కాదు. కాని అతని మనస్సున జపాను విమాన మనగానే వేఱొక బొమ్మ మెదలవలెను. ఒక దేశము తన గతమును మఱపించుటకు ఒక యువతి చిఱునవ్వును వినియోగించుకొన్నది. ఆ యువతికిని ఇందు లాభము లేకపోలేదు. 1964 ఏప్రిల్ వఱకు సామాన్య జపానీయునికి వినోదార్థము విదేశయాత్ర చేయుటకు అనుమతి లేదు. అట్టి కాలమున హోనొలూలూను, శాన్‌ఫ్రాన్సిస్కోను చూచి వచ్చు యువతి తన తోడివారికి అద్భుతవ్యక్తియై తోచుట సహజము. ఆమె ఇంగ్లీషు మాటలాడును, తన సంపాదన తాను తెచ్చుకొనును, లోకము చూచును. పాఠశాల బాలికలు ఆమెవలె కావలెనని కోరుకొనిరి. ఈ కోరికను కేవలము అలంకారప్రీతి యని త్రోసివేయరాదు. స్త్రీకి దేశము దాటు మార్గములు మిక్కిలి కొద్దిగా నున్న కాలమున, ఆ కోరికలో స్వాతంత్ర్యకాంక్ష సగమైన నుండెను.

ఐనను ఆ కిమోనోవెనుక ఒక చిన్న వాస్తవము కలదు. పరిచారిక విమానము బయలుదేరునప్పుడు సామాన్యమైన యూనిఫారము ధరించి, ప్రయాణమధ్యమున ఇఱుకైన గదిలో దానిని విడిచి కిమోనో ధరించి, భోజనము వడ్డించి, మరల పూర్వవేషము వేసికొనవలసి యుండెను. త్వరగా ధరించుటకై ఆ కిమోనోను ప్రత్యేకముగా కుట్టించిరి. అపాయము సంభవించినచో జనులను దింపవలసిన ఉద్యోగినికి అది తగిన వస్త్రము కాదు. చూచువారి కోరికయే అచ్చట పనియొక్క అవసరమును మించినది.

టెలివిజన్ కథలు

1970లో జపాన్ ఎయిర్ లైన్స్ బోయింగ్ 747 అను మహావిమానములను ప్రవేశపెట్టెను. ఆ యేడు ఆగస్టున టి.బి.ఎస్. టెలివిజన్ సంస్థ 'అటెన్షన్ ప్లీజ్' అను ధారావాహికను ప్రారంభించెను. ఒక సామాన్యబాలిక విమానపరిచారిక యగుటకై శిక్షణపొందుట దాని కథ. కథానాయికగా కీ హిరోకో నటించెను. విమానయానము ధనికుల సొత్తుగా నున్న దశ పోయి మధ్యతరగతికి అందుబాటగుచున్న సంధికాల మది. ఆ ధారావాహిక ప్రేక్షకులకు విమానమును పరిచయము చేసినది. దానితోపాటు పరిచారికను కథానాయికగా స్థిరపఱచినది.

అంతకన్నను ప్రసిద్ధి కెక్కినది 1983 అక్టోబరునుండి 1984 మార్చి వఱకు అదే సంస్థ ప్రసారము చేసిన 'స్టువర్డెస్ మొనొగతారి'. అనగా 'విమానపరిచారిక కథ'. జపాన్ ఎయిర్ లైన్స్‌లో పనిచేసిన రచయిత ఫుకదా యూసుకే నవల దానికి మూలము. గాయనిగా పేరుపొందిన పదునాఱేండ్ల హోరి చియెమి నాయిక చియాకి పాత్రను ధరించెను. చియాకి మందకొడి, ప్రతి పరీక్షలోను తడబడును, తన్ను తాను తాబేలుతో పోల్చుకొని కన్నీరు కార్చును. ఆమెకు శిక్షణ యిచ్చు గురువుపై ఆమెకు అనురాగము కలుగును. గురువు కఠినుడు, అతని జీవితమున ఒక విషాదము కలదు. పట్టుదల, కన్నీరు, అతిశయోక్తి నిండిన సంభాషణలు ఆ కథకు అపారమైన జనాదరము గూర్చినవి. నేటికిని జపానులో ఒక తరమువారు ఆ సంభాషణలను హాస్యముగా తలచుకొందురు.

ఈ కథల నిర్మాణమును పరిశీలించినచో ఒక విశేషము గోచరించును. వాటిలో అధికభాగము శిక్షణాలయమునందే గడచును. పరీక్ష నెగ్గుట, రెక్కల చిహ్నము ధరించుట, తొలిసారి ఎగురుట, ప్రేమ ఫలించుట, ఇవియే కథాసోపానములు. నలుబదియేండ్ల పరిచారిక, తల్లియైన పరిచారిక, నడుమునొప్పితో రాత్రిసర్వీసు చేయు పరిచారిక ఈ కథలలో నాయిక కాజాలదు. రచయితలకు ఊహ లేక కాదు. ఉద్యోగనియమములే అట్టి స్త్రీని విమానమునుండి చిరకాలము దూరముగా నుంచినవి. లేని స్త్రీని గుఱించి కథ యెట్లు వ్రాయుదురు?

నియమముల చరిత్ర

యుద్ధానంతరము జపానులోని అనేక సంస్థలలో స్త్రీలు వివాహమాడినంతనే ఉద్యోగము వీడవలెనను నియమముగాని, ఆచారముగాని యుండెను. కార్యాలయమున స్త్రీని 'పుష్పము' తో పోల్చుట అచ్చటి వాడుక. పుష్పము వాడకముందే మార్చవలెను గదా! 1966 డిసెంబరున టోక్యో జిల్లా న్యాయస్థానము సుమితోమో సిమెంటు సంస్థపై వచ్చిన వ్యాజ్యమున ఇట్టి వివాహనియమము చెల్లదని తీర్పుచెప్పెను. 1981లో నిస్సాన్ మోటారు వ్యాజ్యమున స్త్రీపురుషులకు వేర్వేఱు విరమణ వయస్సులు నిర్ణయించుట చెల్లదని జపాను సర్వోన్నత న్యాయస్థానము నిర్ణయించెను. 1985లో సమానోద్యోగావకాశముల శాసనము ఆమోదింపబడి మఱుసటి యేడు ఏప్రిల్‌నుండి అమలులోనికి వచ్చెను.

ఈ కథ జపానునకే పరిమితము కాదు. మన దేశమున ఎయిర్ ఇండియా నియమముల ప్రకారము పరిచారిక ముప్పదియైదవ యేట విరమింపవలెను. ఉద్యోగమున చేరిన నాలుగేండ్లలో వివాహమాడినను, తొలిసారి గర్భవతి యైనను ముందుగానే తొలగవలెను. అదే విమానమున అదే విధమైన పని చేయు పురుషునకు ఇట్టి నిబంధనలు లేవు. నర్గేశ్ మీర్జా మొదలగువారు దీనిని ప్రశ్నింపగా 1981 ఆగస్టు 28వ తేదీన భారత సర్వోన్నత న్యాయస్థానము తీర్పు వెలువరించెను. తొలి గర్భమునకే తొలగించుట స్త్రీత్వమునకు అవమానమని ఆ నిబంధనను కొట్టివేసెను. నాలుగేండ్ల వివాహనియమమును మాత్రము నిలిపెను. ఆ తీర్పు సగమే విజయము. మిగిలిన సగమునకు పరిచారికలు మఱి కొన్ని దశాబ్దములు పోరాడవలసి వచ్చెను.

జపానులో 'స్టువర్డెస్ మొనొగతారి' ప్రసారమైన కాలమును, మన దేశమున ఈ తీర్పు వచ్చిన కాలమును రెండేండ్ల దూరమున నున్నవి. తెరపై నాయిక ప్రేమకొఱకు కన్నీరు కార్చుచుండగా, న్యాయస్థానములలో నిజమైన పరిచారికలు ప్రేమించి పెండ్లాడిన పిదపను ఉద్యోగము నిలుపుకొనుటకై వాదించుచుండిరి. దాచబడిన చేలము కథ ఇచ్చట తలక్రిందులైనది. ఈ దేవకన్యలు సంసారమును విడిచి ఆకసమునకు పోవలెనని కోరలేదు. సంసారము నుంచుకొనియే తమ చేలమును తమ కీయుమనిరి.

పేరు మార్పు, కథ మార్పు

1994లో జపానులోని పెద్ద విమానసంస్థలు పరిచారికలను గంటల లెక్కన వేతనమిచ్చు తాత్కాలికోద్యోగినులుగా నియమింప నారంభించెను. ఒకే విమానమున ఒకే బాధ్యత వహించువారి నడుమ ఇట్టి భేదము రక్షణకు హానికరము కాదా యని నాటి రవాణామంత్రి కమెయి షిజుకా బహిరంగముగా ప్రశ్నించెను. మోజుగొలుపు వృత్తికి ఆకర్షింపబడు యువతులు ఎల్లప్పుడు నుందురను నమ్మకమే వేతనములు తగ్గించుటకును వీలు కల్పించినది. ప్రణయచిత్రమునకు గల ఆర్థికఫలిత మిది. ఆ పద్ధతి తొలగి, తొలినుండియే స్థిరోద్యోగినులుగా చేర్చుకొనుట ప్రధానసంస్థలలో మరల వచ్చునప్పటికి ఇరువదియేండ్లు పట్టినది.

1996లో జపాన్ ఎయిర్ లైన్స్ 'స్టువర్డెస్' అను పేరును విడిచి స్త్రీపురుషుల కిరువురకును వర్తించు పేరును గ్రహించెను. నేడు జపానువారు అధికారభాషలో 'క్యకుషిత్సు జోముయిన్', అనగా ప్రయాణికుల గదిలో పనిచేయు సిబ్బంది, అని వ్యవహరింతురు. ఆ మాటలో సుందరి లేదు, బాల లేదు, సఖియు లేదు.

పేరుతోపాటు కథలును క్రమముగా మారినవి. 2000లో ఫుజీ టెలివిజన్ ప్రసారము చేసిన 'యమాతో నదెషికో'లో మత్సుషిమా నానాకో ధరించిన పరిచారిక పాత్ర పేద జాలరి కుటుంబమున పుట్టి, ధనవంతుని పెండ్లాడుటయే లక్ష్యముగా పెట్టుకొన్నది. తుదకు ఆమె హృదయము చేపలదుకాణము నడుపు ఒక గణితజ్ఞుని చేరును. ఇచ్చట పరిచారిక అమాయకురాలు కాదు. తన ఆకర్షణకు వెల యెంతయో తెలిసినది. ప్రణయచిత్రము తన్ను తానే పరిహసించుకొన నారంభించినది. 2003లో వచ్చిన 'గుడ్ లక్!!'లో వైమానికుడైన నాయకుడు వలచినది పరిచారికను కాదు, విమానయంత్రములను బాగుచేయు యువతిని. 2006లో 'అటెన్షన్ ప్లీజ్' క్రొత్తరూపమున మరల వచ్చెను. 2008లో యగుచి షినొబు దర్శకత్వమున వెలువడిన 'హ్యాపీ ఫ్లైట్' చలనచిత్రము ఒకే ప్రయాణమును తీసికొని వైమానికులు, పరిచారికలు, యంత్రజ్ఞులు, నియంత్రణాధికారులు కలిసి విమానము నెట్లు క్షేమముగా దింపుదురో చూపినది. అందు ప్రేమకు తావు స్వల్పము. పనికి తావు అధికము. నలుబదియేండ్లలో నాయిక శిక్షణాలయమునుండి పనిలోనికి వచ్చినది.

కథలు చెప్పని కథ

విమానపరిచారిక ముఖ్యధర్మము భోజనము వడ్డించుట కాదు. అపాయము కలిగినప్పుడు ప్రయాణికులను నిమిషములలో వెలుపలికి చేర్చుట ఆమె ధర్మము. ఈ సంగతిని ప్రణయకథలు చాలకాలము మఱుగుపఱచినవి. 1952 ఏప్రిల్ 9వ తేదీన జపాన్ ఎయిర్ లైన్స్‌వారి 'మొకుసెయి' విమానము ఒషిమా ద్వీపములోని మిహారా పర్వతమునకు తగిలి కూలి అందున్న 37 మందియు మరణించిరి. సంస్థ సర్వీసులు ఆరంభమై అఱునెలలైనను కాకముందే పరిచారిక ఈ వృత్తికి ప్రాణము నర్పించినది. 1985 ఆగస్టు 12వ తేదీన టోక్యోనుండి ఒసాకాకు పోవు 123వ నంబరు విమానము పర్వతములలో కూలగా 520 మంది మరణించిరి. బ్రతికిన నలుగురిలో ఆనాడు సెలవుపై ప్రయాణము చేయుచున్న పరిచారిక యొకతె కలదు. 1986 సెప్టెంబరు 5వ తేదీన కరాచీలో దుండగులు చెఱబట్టిన విమానమున ప్రయాణికులను కాపాడుచు మన దేశపు నీర్జా భనోత్ ప్రాణము లర్పించెను. మరణానంతరము ఆమెకు అశోకచక్ర లభించెను.

2024 జనవరి 2వ తేదీన టోక్యోలోని హానెడా విమానాశ్రయమున దిగుచున్న జపాన్ ఎయిర్ లైన్స్ విమానము తీరరక్షకదళపు విమానమును ఢీకొని మంటలలో చిక్కుకొనెను. చిన్న విమానములోని ఆఱుగురిలో ఐదుగురు మరణించిరి. పెద్ద విమానములో 379 మంది కలరు. వారిలో పరిచారకసిబ్బంది తొమ్మండుగురు. లోపలి మాటలయంత్రము పనిచేయలేదు. ఎనిమిది ద్వారములలో మూడే వినియోగమునకు అనువుగా నుండెను. వెనుకభాగమున నున్నవారు వైమానికుల ఆజ్ఞకై వేచియుండక ద్వారము తెఱువ నిశ్చయించుకొనిరి. గొంతెత్తి పిలుచుచు, సామానులు వదలుడని కేకలు వేయుచు, 379 మందిని ప్రాణములతో బయటికి చేర్చిరి. ఆనాడు లోకము చూచిన జపాను పరిచారిక 1954 నాటి ప్రకటనలోని యువతి కాదు. ఆమె చిఱునవ్వు నెవరును వర్ణింపలేదు. ఆమె నిర్ణయమును ప్రశంసించిరి.

ఆ యేడే ఏప్రిల్ 1వ తేదీన జపాన్ ఎయిర్ లైన్స్ అధ్యక్షపదవిని తొత్తోరి మిత్సుకో స్వీకరించెను. ఆమె 1985లో, ఆ సంస్థలో పిదప విలీనమైన వేఱొక విమానసంస్థలో, పరిచారికగా చేరినది. ఆ సంస్థకు తొలి మహిళాధ్యక్షురాలు ఆమెయే. వివాహమునకు ముందు నాలుగునాళ్ల ముచ్చటగా లోకము చూచిన ఉద్యోగములోనుండి ముప్పదితొమ్మిదేండ్లకు ఒక మహాసంస్థ అధ్యక్షురాలు వెలువడినది. జపాను టెలివిజన్ కథలలో ఏ రచయితయు ఊహింపని ముగింపు ఇది.

'సఖి' యన నెవరు?

ఇక మన మాటకు వత్తము. 'గగనసఖి' పదమును త్యజింపవలెనా? మాటలు జనుల నోట బ్రతుకునని, వాటిని పండితులు శాసింపజాలరని మన పర్లాకిమిడిలో నివసించి బోధించిన గిడుగు రామమూర్తి పంతులుగారు నేర్పిరి. నిత్యవ్యవహారమున జనులు 'ఎయిర్ హోస్టెస్' అనియే యనుచున్నారు. పత్రికలలో 'గగనసఖి' నిలిచియున్నది. దానిని తొలగించుటకన్న దాని యర్థమును సరిగా గ్రహించుట మేలు.

మన కావ్యసంప్రదాయమున సఖి నాయిక కాదు. 'వసుచరిత్ర'లో గిరికకు మంజువాణి సఖి. సఖి కార్యదక్షురాలు, ఆపదలో ధైర్యము చెప్పునది, చేయవలసిన దానిని చేయునది. వలపు నాయికది, పని సఖిది. ఆకాశమున నిజముగా సంచరించిన సఖి యొకతె మన పురాణములలో కలదు. ఆమె ఉషాకన్య చెలికత్తె చిత్రరేఖ. భాగవత దశమస్కంధములో ఆమె తన చిత్రలేఖననైపుణ్యముచేత అనిరుద్ధుని గుర్తింపజేసి, ఆకాశమార్గమున ద్వారకకు పోయి, నిద్రించుచున్న అతనిని నిద్రాభంగము కాకుండ శోణితపురమునకు చేర్చును. రాత్రివేళ నిద్రించు ప్రయాణికుని క్షేమముగా గమ్యము చేర్చిన తొలి గగనసఖి ఆమెయే. ఆమెకు ప్రణయకథ లేదు. విద్య కలదు, సాహసము కలదు, బాధ్యత కలదు.

జపానువారు పేరు మార్చి చిత్రమును సరిదిద్దుకొనిరి. తెలుగువారు పేరు నుంచుకొనియే చిత్రమును సరిదిద్దుకొనవచ్చును. నేడు బరంపురము వంటి పట్టణముల బాలికలకును ఈ వృత్తి అందని ఆకసము కాదు. గోపాలపురము రేవునుండి ఒకనాడు పొట్టకూటికై ఓడ లెక్కిన వారి మునిమనుమరాండ్రు రేపు విమానద్వారమున నిలువవచ్చును. తెలుగు బడిలో 'గగనసఖి' యను మాటకు అర్థము చెప్పునప్పుడు, ఉపాధ్యాయుడు సినిమాబొమ్మను గాక చిత్రరేఖను చూపిన చాలును. ఆ బాలిక తన వృత్తినామమును తలయెత్తి చెప్పుకొనగలదు.